ఆది జాకెట్టు

ఫాల్గుణం గాలి.

రైలు పట్టాలు దాటి, చింతపండు కొట్టే ఇళ్ల ముందు నుంచి, కుప్పం వీధుల్లోకి దూరే గాలి. పులుపు, దుమ్ము, వేపచిగురు చేదు — మూడూ కలిసిన గాలి.

ఆ గాలి ఎదురొస్తే అందరూ కళ్లు మూసుకుంటారు.

కమలాక్షి కళ్లు మూసుకోదు. ఆమె ఎడమ చెయ్యి పైట మీదికి పోతుంది.

పదిహేడేళ్లుగా ఆ చేతికి అదే కొలువు. గాలి వచ్చినా, మనిషి ఎదురైనా, బస్సు కుదిపినా — పైట మీదికి. నిద్రలో కూడా.

ఆమె హైస్కూల్లో లెక్కల టీచరు. ముప్పై ఏళ్లు. సన్నటి భుజాలు, సన్నటి నడుము, నిండైన రొమ్ము. అట్లాంటి ఆడవాళ్లకు ఊళ్లలో పేర్లు పెడతారు. ఆ పేర్లన్నీ ఆమెకు తెలుసు. కొన్ని వీపు వెనక విన్నవి, కొన్ని వినకుండానే తెలిసినవి. అందుకే భుజాలు ముందుకు ముడుచుకుని, హాజరు పట్టీ గుండెకు హత్తుకుని, ఎవరో రాయి విసురుతారేమో అన్నట్టు నడుస్తుంది.

తరగతిలో కూడా అంతే.

నల్లబల్ల పై సగం ఆమె ఎప్పుడూ ముట్టదు.

చెయ్యెత్తితే జాకెట్టు లేస్తుంది. చెయ్యితో పాటు భుజం, భుజంతో పాటు గుడ్డ మొత్తం పైకి పోతుంది. ముందు హుక్కులు నోళ్లు తెరుస్తాయి. వెనక బెత్తెడు వీపు. అరవై మంది పిల్లలు. నూట ఇరవై కళ్లు.

కాబట్టి సుద్దముక్క గడ్డం దగ్గర మొదలవుతుంది. మోకాళ్ల దగ్గర ఆగుతుంది. వెనక బెంచీల వాళ్లకు ముందు బెంచీల తలకాయలు కనిపిస్తాయి. లెక్క కనిపించదు.

సగం బోర్డు టీచరు.

పిల్లలు పెట్టిన పేరు. ఆమెకు తెలిసిన పేర్లలో అన్నిటికంటే మెత్తనిది. అన్నిటికంటే గట్టిగా తగిలింది కూడా అదే.

* * *

హెడ్మాస్టరు ఈశ్వరప్ప మంచివాడు. మంచివాళ్లతోనే తంటా. ఉన్నది ఉన్నట్టు అడిగేస్తారు.

"ఏమ్మా కమలాక్షమ్మా, పైబోర్డుకు ఇంకో టీచర్ని ఏపిచ్చమంటావా?"

స్టాఫ్ రూమంతా నవ్వింది. ఆమె కూడా నవ్వింది. ఏం చెబుతుంది? భుజం నొప్పి అంది. రెండేళ్లుగా అదే నొప్పి.

అది రెండు వేల ఒకటో సంవత్సరం. ఉగాది వెళ్లిన మూడో రోజు స్కూల్లో మాదిరి పాఠం. చుట్టుపక్కల మండలాల లెక్కల టీచర్లు వచ్చి గోడ వారగా కుర్చీల్లో కూర్చుంటారు. ఒకరు చెబుతారు, మిగతావాళ్లు చూసి నేర్చుకుంటారు. పోయినేడు ఆమె పేరే రాశాడు ఈశ్వరప్ప. జ్వరమంది. అంతకు ముందేడు, ఊళ్లో ఎవరో పోయారంది.

"ఈతూరి ఎవుర్ని సంపుతావు?" అన్నాడు ఆయన. ఈసారి నవ్వలేదు. "సూడు మ్మా. లెక్క నీ మాదిరి చెప్పేవాళ్లు ఈ తాలూకాలో లేరు. కానీ ఎనక బెంచోళ్లకి కనపడని లెక్క నాకేం పనికొస్తాది? ఈతూరి గూడా కాదంటే, జూన్లో తొమ్మిదో తరగతి ఇంకొకరికి ఇస్తా. నువ్వు ఆరోదానికి పో."

తొమ్మిదో తరగతి.

తెలియని దానికి ఒక అక్షరం పెట్టి, అటూ ఇటూ తూచి, చివరికి అదేమిటో చెప్పించే తరగతి. ఒక్కో పిల్ల కళ్లలో ఒక్కో రోజు ఒక దీపం వెలుగుతుంది — ఆ దీపం కోసమే ఆమె కుప్పం వచ్చింది. ఆ తరగతి పోతే...

పోతే ఏం మిగులుతుందో ఆమె లెక్క వేయలేదు.

సరే సార్, అంది.

అని, ఇంటికి పోయి, తలుపేసుకుని, అద్దం ముందు చెయ్యెత్తింది. జాకెట్టు లేచింది.

దించింది. ఎత్తింది. లేచింది.

* * *

సైన్సు టీచరు సింధూజ సజ్జకంకిలా ఉంటుంది. దానికేం కట్టినా నిలుస్తుంది. భుజం నొప్పి నొప్పి కాదని దానికే అర్థమైంది, ఎట్లా అర్థమైందో గానీ. ఒక వారపత్రిక కాగితం కత్తిరించి, నాలుగు మడతలు పెట్టి, కమలాక్షి టిఫిన్ క్యారియర్ కింద పెట్టిపోయింది.

వసంతంలో నిండైన వక్షం గల స్త్రీల అలంకరణ. పైన శీర్షిక. పక్కన బొమ్మ. బొమ్మలోని పిల్ల సింధూజ కంటే సన్నం.

వసంతం వచ్చింది, లేతరంగులు ధరించండి. ఇది మొదటి వాక్యం.

నిండైన వారు లేతరంగుల జోలికి పోకండి. ఇది నాలుగో వాక్యం.

మెడ కాస్త లోతుగా ఉంటే ఛాతీ చిన్నదిగా కనిపిస్తుంది. మెడ లోతుగా ఉంటే చూపంతా అక్కడికే పోతుంది. పెద్ద పూలు వద్దు. మరీ చిన్న పూలూ వద్దు. వదులు బట్టలు లావు చూపుతాయి. బిగుతు బట్టలు ఉన్నది చూపుతాయి.

కమలాక్షి రెండుసార్లు చదివింది. పెన్సిలు తీసుకుని మూడోసారి చదివింది. ఒకదానికొకటి పొసగని సమీకరణాలు. ఇట్లాంటివి వస్తే 'సాధన లేదు' అని రాసి కింద గీత గీయమంటుంది పిల్లలకు.

ఆఖరి వాక్యం — ఆత్మవిశ్వాసమే అసలైన అలంకారం.

అది ఏ కొట్లో దొరుకుతుందో రాయలేదు.

"అంతా యాల సదివినావక్కా? నీగ్గావాల్సింది కత్తిరించుకోవల్ల" అంది సింధూజ.

"ఏది గావాలో తెలిసుంటే నీ కాగితం యాల మే నాకు?"

అయినా ప్రయత్నించింది. నల్ల జాకెట్టు వేసింది. మధ్యాహ్నానికి వీపు మీద పెనం పెట్టినట్టయింది. లోపలి బాడీ ఒక సైజు తక్కువది కొని బిగించింది. మూడో పీరియడుకు ఊపిరి అందక, కుర్చీలో కూర్చుని లెక్క నోటితోనే చెప్పింది. గంజి పెట్టిన నూలుచీర కట్టింది. గుడారమైంది.

భర్త నాగరాజు గ్రానైటు ఫ్యాక్టరీలో గుమస్తా. సాత్వికుడు. "బాగుండావు" అన్నాడు. నల్లదానికీ అదే అన్నాడు. గుడారానికీ అదే అన్నాడు. ఆ మాట మీద ఏ లెక్కా తేలదు.

ఎక్కువ చూపించుకుంటున్నానా... ఎక్కువ దాచుకుంటున్నానా...

రెండూ ఒకేసారి చేస్తున్నానా...

గాలి కిటికీ తలుపును కొట్టింది. చెయ్యి పైట మీదికి పోయింది.

* * *

పుంగనూరులో మసీదు సందు. కమరున్నీసా ఇల్లు.

ఆడవాళ్లకు తప్ప కుట్టదు. బోర్డు లేదు. తలుపుకు ఒక పరదా, పరదా వెనక ఒక మిషను, మిషను వెనక యాభై ఏళ్ల మనిషి, నోట్లో రెండు గుండుసూదులు. సింధూజ వాళ్ల పెద్దమ్మ ఇక్కడే కుట్టించుకుంటుందట. ఆదివారం బస్సెక్కి, పలమనేరులో మారి, దారి అడుక్కుంటూ అడుక్కుంటూ వచ్చింది కమలాక్షి. చెయ్యెత్తితే పైకి లేవని జాకెట్టు కావాలంది.

"ఆది తెచ్చినావా అమ్మీ?"

తెచ్చింది. ఆది లేకుండా ఎవరొస్తారు? ఈ సీమలో ఆడవాళ్లకు ఎవరూ కొలతలు తీయరు. ఒంటికి సరిపోయే పాత జాకెట్టు ఒకటి పట్టుకుపోయి ఇస్తారు. దర్జీ దాన్ని పరిచి, కొత్తగుడ్డ మీద పెట్టి, అదే కొలతకు కత్తిరిస్తాడు. కొత్తది పాతదవుతుంది. పాతది మళ్లీ ఆదవుతుంది.

కమరున్నీసా ఆ జాకెట్టును తిరగేసింది. లోపలి కుట్లు చూసింది. చంక దగ్గర వేలు పెట్టి చూసింది. నాడి పట్టుకున్నట్టు కాసేపు అట్లాగే ఉంది.

"ఇది ఎవురిది?"

"నాదే అక్కా."

"నీది గాదు."

కమలాక్షి బిక్కమొహం వేసింది.

"ఈ జాకెట్టు మనిషికి భుజాలు ఎడల్పు. నడుము లావు. రొమ్ము దగ్గర ఎదురు తక్కువ. ముగ్గురో నలుగురో బిడ్డల తల్లి. నిన్ను సూస్తే అట్ల లేవే. ఎవురామె?"

పరదా అవతల వీధిలో ఎవరో సైకిలు గంట కొట్టుకుంటూ పోయారు.

ఎవరామె... ఎవరామె...

పదమూడో ఏట, మదనపల్లెలో, మొదటిసారి జాకెట్టు కుట్టించాల్సి వచ్చినప్పుడు అమ్మ రెడ్డెమ్మ బజారు దర్జీ దగ్గరికి తీసుకుపోయింది. ఆయన మెడలో టేపు చూసింది. మొగోడు టేపు పెట్టేదేంది నా బిడ్డకి, అంది. ఇంటికి తిరిగొచ్చి, తన పాత జాకెట్టే తీసుకుపోయి ఆది ఇచ్చింది. ఎదుగుతాండే బిడ్డ, వదులుగా ఉండనీ, అని.

ఆ వదులు నిండలేదు. నిండాల్సిన చోట మించింది, మిగతా చోట్ల వేలాడింది. అయినా ఆ జాకెట్టే తర్వాతి దానికి ఆది అయింది. అది ఇంకోదానికి. ఎదురు పట్టడం లేదంటే దర్జీ అన్ని వైపులా అరంగుళం వదిలేవాడు. దర్జీలు మారారు. ఊళ్లు మారాయి. పెళ్లయింది, ఉద్యోగమొచ్చింది. టేపు మాత్రం ఎవరూ పెట్టలేదు.

మొదటి మెట్టులోనే తప్పు. ఆ తర్వాత మెట్లన్నీ సరిగ్గానే వేశారు. ఆమే పిల్లలకు చెబుతుంది — అట్లాంటి లెక్కకు మార్కుల్లేవని.

పదిహేడేళ్లు అమ్మ ఒళ్లు తొడుక్కుని తిరిగింది.

కమలాక్షికి నవ్వొచ్చింది. నవ్వుతూ ఉంటే కళ్లు తడిశాయి. ఎందుకో తెలియలేదు.

"చంక చూడు, ఎంత కిందికి దించినాడో" అంది కమరున్నీసా, ఏమీ చూడనట్టు. "చంక దిగితే చెయ్యి లేవదు. లేస్తే జాకెట్టంతా తోడు లేస్తాది. నిలబడు ఇట్ల."

టేపు చల్లగా ఉంది.

"ఊపిరి పీల్చు. ఇడువు. బిగబట్టొద్దు అమ్మీ. బిగబడితే, ఆ బిగబట్టిన మనిషికి కుడతా నేను. తర్వాత దినమంతా బిగబట్టుకోనే ఉండాల."

వదిలింది. ఎన్నేళ్ల ఊపిరో, వస్తూనే ఉంది.

నలభై రెండు.

పైకే చెప్పింది కమరున్నీసా. కూరగాయల ధర చెప్పినట్టు. అట్టకాగితం మీద సుద్దతో రాసింది. కమలాక్షి ఆ అంకెను చూసింది. జీవితమంతా అంకెలతోనే గడిపింది. ఈ అంకె మాత్రం ఎన్నడూ ఎదురు కాలేదు. పెద్దదా? చిన్నదా? దేనికంటే?

"శానా ఎక్కువా అక్కా?"

"అంగుళాలకు మానమర్యాద ఉంటాదా? ఎంతైతే అంతే."

తర్వాత చెప్పుకుంటూ పోయింది, కత్తెర ఆపకుండా. చంక పైకి. భుజం కుట్టు భుజం మీదే. ముందువైపు కటోరి — రెండు గిన్నెల్లా విడిగా కత్తిరించి కలిపే ముక్కలు, గుడ్డ ఒంటికి తిరుగుతుంది గానీ ఒంటిని నొక్కదు. హుక్కుకూ హుక్కుకూ మధ్య ఇంకొక హుక్కు, నోరు తెరవకుండా. మెడ మరీ మూయొద్దు, గొంతు పట్టినట్టుంటుంది. వేలెడు కిందికి, అంతే. జాకెట్టు చెయ్యి మోచేతికి నాలుగు వేళ్ల పైన. లోపలిది సరైన సైజుది కొనుక్కో, బిగించి సస్తావా? చీరకు గంజి వద్దు. మెత్తటి వాయిలు. పైట కుచ్చిళ్లు నాలుగు వేళ్ల ఎడల్పు పెట్టి, పిన్ను భుజం మీద పెట్టు. చెయ్యికి వేరే పని దొరుకుతుంది.

రంగు దగ్గర ఆగింది. కమలాక్షి తెచ్చిన గుడ్డ ముదురు కాఫీరంగు.

"ఎండాకాలం ముందర ఇది యాల?"

"లేతరంగు ఏస్తే..."

"ఏస్తే?"

కమరున్నీసా పెట్టె లాగి, కానుగ చిగురు రంగు గుడ్డ ఒకటి తీసి ఆమె భుజం మీద వేసింది. చల్లగా, బరువు లేకుండా, ఇంకా ఎండ సోకని ఆకులా ఉంది.

వచ్చేముందు అడగనే అడిగింది. పత్రిక చదివిన నాటి నుంచి గొంతులో అడ్డం పడిన మాట.

"అక్కా, ఇదంతా దాచేదానికా... సూపించేదానికా?"

కమరున్నీసా దారం పంటితో తెంపింది.

"నేను బయటికి పోతే బురఖా ఏస్తా. లోపల జాకెట్టు కొలతకే కుట్టుకుంటా. ఎవురు సూస్తారని?" అంది. "నువ్వు చెయ్యెత్తల్లంటివి. చెయ్యెత్తేదానికి కుడతాండా. మిగతాది నాకు తెల్దు."

బస్సులో ఆ మాటను తిప్పి తిప్పి చూసింది. అర్థమైనట్టే ఉంది. పలమనేరు వచ్చేసరికి మళ్లీ కానట్టుంది.

* * *

ఉగాది ముందురోజు పుంగనూరులో దిగి జాకెట్టు తీసుకుని, మదనపల్లె అమ్మ ఇంటికి పోయింది.

పండగ పొద్దున తలంటుకుని, తొడుక్కుంది.

భుజం జారలేదు. చంక కింద ముడత లేదు. హుక్కులు మూసిన పెదవుల్లా ఉన్నాయి. అలవాటుగా భుజాలు ముందుకు ముడిచింది — వీపు దగ్గర గుడ్డ పట్టేసింది. నిటారుగా నిలబడింది — గుడ్డ వదిలింది.

మళ్లీ వంగింది. పట్టేసింది.

వంగితే దాగుతుంది. జాకెట్టు ఒప్పుకోదు. నిలబడితే జాకెట్టు కుదురుతుంది. ఏదీ దాగదు.

అద్దంలో ఎవరో నిలబడి ఉంది. పచ్చగా, పొడుగ్గా, నిండుగా. ఆమెను ఎక్కడా చూసినట్టు లేదు. పలకరించాలో వద్దో తెలియలేదు.

వసారాలో రెడ్డెమ్మ టమాటాలు ఏరుతోంది. పండగైనా మార్కెట్టు ఆగదు. పండువి ఒక బుట్ట, దోరవి ఒక బుట్ట. తలెత్తి చూసింది. చూస్తూ ఉండిపోయింది.

"ఎవురు కుట్టినారు?"

"పుంగనూరులో ఒకామె."

"ఆది?"

"ఆది లేకుండానే మా. టేపు పెట్టింది."

రెడ్డెమ్మ ఒక టమాటా తీసి దోర బుట్టలో వేసింది. అది పండుది. మళ్లీ తీసి పండు బుట్టలో వేసింది.

"మీ జేజి, మా అత్త, ఇట్లనే నిలబడేది" అంది చివరికి. "వెదురుబొంగు మాదిరి. రవికే యెరగదు ఆ యమ్మ. చీర కొంగే. నేను రవిక తొడుక్కోని కాపరానికొస్తే, వచ్చిందమ్మా సోకులాడి అని ఊరంతా చెప్పింది."

కమలాక్షి గడప మీద కూర్చుంది.

రవిక లేని మనిషికి సిగ్గు లేదు. రవిక తొడిగిన మనిషి సోకులాడి. ఆ సోకులాడి కూతురికి తన రవికే ఆది ఇచ్చి దాచింది. ఎక్కడ మొదలైంది ఇది... ఎటు నుంచి ఎటు తూచాలి...

"కుట్టినామె చెయ్యి మంచిది" అంది రెడ్డెమ్మ.

వెంటనే, తల దించుకుని — "పైట సర్దుకో."

పైట సరిగ్గానే ఉంది. పిన్ను భుజం మీదే ఉంది. రెండు మాటల్లో ఏది అమ్మ మాటో కమలాక్షికి తెలియలేదు. బహుశా అమ్మకూ తెలియదేమో.

పెరట్లో గాలి. వేపపూత రాలుతోంది. చేదు వాసనలో ఎక్కడో తీపి.

* * *

మాదిరి పాఠం రోజు పొద్దున పాతది తొడుక్కుంది. విప్పింది. కొత్తది తొడుక్కుంది. విప్పింది. నాగరాజు గడప దగ్గర నిలబడి, రెండుసార్లూ "బాగుండావు" అన్నాడు. మూడోసారి నోరు తెరవబోతే ఆమె చూసిన చూపుకు, టీ తాగేదానికి పోయాడు.

బడి చేరేసరికి ఒంటి మీద చిగురాకు రంగే ఉంది. ఎప్పుడు తీర్మానించుకుందో గుర్తు లేదు.

గోడ వారగా పన్నెండు కుర్చీలు. పన్నెండు నోటు పుస్తకాలు. తొమ్మిది మంది మగవాళ్లు, ముగ్గురు ఆడవాళ్లు. ఈశ్వరప్ప గుమ్మంలో, చేతులు వెనక్కి కట్టుకుని. అరవై మంది పిల్లలు లేచి నిలబడి కూర్చున్నారు.

సుద్దముక్క తీసుకుంది. బల్ల వైపు తిరిగింది.

ఎడమ చెయ్యి పైట మీదికి పోయింది. పైట కదలడం లేదు. చెయ్యి అక్కడ కాసేపు తచ్చాడింది. పని పోయిన మనిషి పాత ఆఫీసు ముందు నిలబడినట్టు. మెల్లగా దిగింది. పక్కన వేలాడింది. చేతులు ఇంత పొడుగుంటాయా...

కుడి చెయ్యి ఎత్తింది.

చెయ్యి ఒక్కటే లేచింది.

భుజం భుజం దగ్గరే ఉంది. నడుము మీద అంచు నడుము మీదే ఉంది. చెయ్యి మాత్రం గడ్డం దాటింది, నొసలు దాటింది, బల్ల పైఅంచు దాకా పోయింది. అక్కడ బూజు పట్టి ఉంది. రెండేళ్ల బూజు. సుద్దముక్క దాన్ని చీల్చుకుంటూ నడిచింది. మూడు ఎక్స్ మైనస్ ఏడు... ఈజీక్వల్టు... బ్రాకెట్టు బయట రెండు, బ్రాకెట్టు లోపల ఎక్స్ మైనస్ నాలుగు.

వెనక నిశ్శబ్దం.

ఇంత నిశ్శబ్దం ఆమె తరగతిలో ఎన్నడూ లేదు. ఎప్పుడూ వెనక బెంచీల్లో ఒక గుసగుస ఉంటుంది. ఇవాళ లేదు. ఎందుకు లేదు? దేన్ని చూస్తున్నారు? లెక్కనా... నన్నా...

వీపు మంటెక్కింది. అయినా చెయ్యి దించలేదు. బ్రాకెట్టు విప్పుతూ రెండో వరుస రాసింది. మూడు ఎక్స్ మైనస్ ఏడు ఈజీక్వల్టు రెండు ఎక్స్...

పెన్నులు కదులుతున్న చప్పుడు. ఏం రాసుకుంటున్నారు?

"టీచర్."

ఆడపిల్ల గొంతు. ఎక్కడో చివర నుంచి.

"టీచర్, రెండో లైన్లో ఎనిమిది ముందర మైనస్ రావల్ల. మీరు ప్లస్ ఏసినారు."

సమ్రీన్. ఆఖరి బెంచీ. హాజరు పలకడానికి తప్ప ఈ ఏడంతా నోరు విప్పని పిల్ల. ఆ గొంతు ఇట్లా ఉంటుందని కమలాక్షికి తెలియనే తెలియదు.

ఎవరో కిసుక్కున నవ్వారు. గుమ్మంలో ఈశ్వరప్ప దగ్గాడు. ఒక కుర్చీ కిర్రుమంది.

చూసింది. ప్లస్సే. తొమ్మిదో తరగతిలో ఎవరూ చేయకూడని తప్పు. పన్నెండు మంది ముందు. ఈ పాఠం మీదే తరగతి ఉండేదీ పోయేదీ తేలే రోజున.

మొహం వేడెక్కింది. ఆ వేడి దేనిదో పోల్చుకోలేకపోయింది. తప్పు చేసినందుకా... అందరి ముందు నిటారుగా నిలబడి ఉన్నందుకా... ఆఖరి బెంచీ దాకా తన తప్పు కనిపించినందుకా...

అంత దూరం కనిపించింది.

అంత దూరం.

వెనక్కి తిరగాలి. ఈశ్వరప్ప మొహం చూడాలి. అక్కడ ఏం రాసి ఉంటుందో... తిరగలేదు. ఇప్పుడే కాదు.

చిటికెన వేలు ఎత్తి, ప్లస్సులో నిలువు గీతను మెల్లగా తుడిచింది. అడ్డగీత మిగిలింది.

"ఇప్పుడు సరిపోయిందా, సమ్రీన్?"

బల్లనే అడిగినట్టు అడిగింది. చెయ్యి ఇంకా పైనే ఉంది.

కిటికీలోంచి గాలి లేచింది. సుద్దపొడి ఆమె కళ్ల ముందు నుంచి, పచ్చటి భుజం మీదుగా, ఎటో పోతోంది — పైకో, కిందికో...